ఉప్పల్ రోడ్డున పోతే ఆలేరు వస్తది: ఆరుట్ల కమలాదేవి గారి ముచ్చట



ఎరువుల ముచ్చట, వడ్ల ధర ముచ్చట రోజూ రాసుకుంటనే ఉన్నం. ఇయ్యాల జర చరిత్ర రాస్తున్న. పోస్టు పొడుగున్నది. నీళ్ళు కట్టి గట్టు మీద కూసున్నప్పుడు నిమ్మళంగా చదవండి.

ఉప్పల్ చౌరస్తా మనందరికీ తెలిసిన జాగానే. యాదగిరిగుట్టకు పోవాలన్నా, వరంగల్ పోవాలన్నా ఆడ్నే బస్సు ఎక్కాలె. ఇప్పుడు ఆడ మెట్రో ఉన్నది, స్టేడియం ఉన్నది. పక్కన నాచారంలో ఫ్యాక్టరీలు. ఉప్పల్ భగాయత్ అంటే ఇప్పటి పిల్లలకు ప్లాట్ల పేరు. భగాయత్ అంటే అసలు అర్థం తోట భూమి. మూసీ పారకం కింద పంటలు పండిన జాగ అది. పేరు మిగిలింది, పంట పోయింది. ఆ రోడ్డు పట్టుకొని బోడుప్పల్, ఘట్‌కేసర్, బీబీనగర్, భువనగిరి దాటుకుంటూ పోతే ఆలేరు వస్తది. మనిషి రాజకీయాల్లోకి ఎట్లా రావాలె, వచ్చినంక ఎట్లా నిలబడాలె అన్నది ఆ ఆలేరు ఒక ఆడమనిషి వల్ల దేశానికి చూపించింది. ఆమె పేరు ఆరుట్ల కమలాదేవి. మన పిల్లలను అడిగితే పదిమందిలో ఒకరికన్నా తెలుస్తదో లేదో. అందుకే ఈ రాత.

ఆమె పుట్టింది 1920లో, ఆలేరు దగ్గర మంతపురిలో. తల్లిదండ్రులు పెట్టిన పేరు రుక్మిణి. ఆ రోజులల్ల ఆడపిల్లకు బడి ఎక్కడిది? పదకొండేండ్లు వచ్చేసరికే మేనమామ కొడుకుతో పెండ్లి అయింది. ఆయన కొలనుపాకకు చెందిన ఆరుట్ల రామచంద్రారెడ్డి. కొలనుపాక అంటే జైన మందిరం ఉన్న ఊరే. పెండ్లయినంక ఆమె పేరు కమలాదేవి అయింది.

అప్పటి లెక్కన పెండ్లి అయిన పిల్ల కథ ఆడ్నే ఒడిసిపోవాలె. కానీ ఆమెను చదువుకు హైదరాబాదు తోలిచ్చారు. రెడ్డి బాలికల హాస్టల్లో ఉండి, నారాయణగూడలో మాడపాటి హనుమంతరావు గారు పెట్టిన తెలుగు బాలికల పాఠశాలలో చదివారు. ఆ బడి సంగతి కూడా తెలుసుకోవాలె. నిజాం రాజ్యంలో సర్కారు చదువు ఉర్దూలో. తెలుగులో చెప్పే బడిని ఇక్కడి యూనివర్సిటీ లెక్కలోకి తీసుకోలేదు. అందుకని ఆ బడి పిల్లలు ఎక్కడో పూనాలో ఉన్న కర్వే గారి మహిళా విశ్వవిద్యాలయం పరీక్షలు రాసేవాళ్ళు. సొంత ఊరి భాషలో చదువుకోవడానికి పక్క రాష్ట్రం సర్టిఫికెట్ కావాల్సిన రోజులు అవి.

చదువు తర్వాత ఆమె పట్నంలో ఉండిపోలేదు, ఊరికి మర్లివచ్చారు. ఊర్ల ఏమున్నది? వెట్టి ఉన్నది. దొర ఇంట్ల పెండ్లి అయితే చాకలి, మంగలి, కుమ్మరి, మాదిగ అందరూ పైసా లేకుండా పని చేయాలె. రైతుకు కూడా తక్కువ బాధ లేదు. రెండో ప్రపంచ యుద్ధం కాలంలో లెవీ ధాన్యం వచ్చింది. ఎకరం, రెండెకరాలోని గింజలు కొలుచుకొని పోయేటోళ్ళు, గడీ గాదెలు మాత్రం నిండుగ ఉండేవి. నాగుకు తెచ్చిన గింజలు తీర్చలేక భూమి దొర పేర రాసిచ్చిన ఇండ్లు ఊరూరికీ ఉన్నయి.

ఆంధ్ర మహాసభ అప్పటిదాకా చదువుకున్నోళ్ళ సభ. గ్రంథాలయాలు, తెలుగు బడులు, అర్జీలు వాళ్ళ పని. 1944లో భువనగిరిలో జరిగిన సభ దాన్ని మార్చింది. బొల్లేపల్లి రావి నారాయణరెడ్డి గారు అధ్యక్షులు. పాతతరం పెద్దలు పక్కకు జరిగిన్రు, సభ రైతుకూలీల చేతికి వచ్చింది. ఊర్లల్ల జనం దాన్ని 'సంఘం' అన్నరు. ఈ భార్యాభర్తలు ఇద్దరూ ఆ సంఘం మనుషులే. ఊరూరు తిరిగి ఆడోళ్ళను కూడగట్టడం కమలాదేవి గారి పని. మగోళ్ళు మీటింగు పెడితే ఆడోళ్ళు తలుపు సందు నుంచి వినే కాలంలో ఆమె ఆడోళ్ళను వాకిట్లకు పిలిచి కూసోబెట్టి మాట్లాడారు.

1946 జులై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్యను కాల్చి చంపారు. ఆడ్నుంచి కర్రలు, గుత్పలు, తర్వాత తుపాకులు. 1947 సెప్టెంబర్‌లో సాయుధ పోరాటానికి పిలుపు వచ్చింది. కమలాదేవి గారు కన్నబిడ్డను వదిలి అడవి పట్టారు. తుపాకీ పట్టడం నేర్చుకున్నారు, దళంలో తిరిగారు, తర్వాత జైలుకూ పోయారు. ఇక్కడ ఒక మాట. బిడ్డను వదిలి పోయిన తండ్రిని లోకం 'త్యాగం చేసిండు' అంటది. బిడ్డను వదిలి పోయిన తల్లిని 'ఎట్లా మనసొప్పింది' అని అడుగుతది. ఆ ప్రశ్న మోసుకుంటనే ఆమె తిరిగారు.

1951 అక్టోబర్‌లో పోరాటం విరమించారు. 1952 మొదట్ల ఎన్నికలు. కమ్యూనిస్టు పార్టీ మీద ఇక్కడ నిషేధం ఉన్నందున వాళ్ళు పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్, మన పెద్దలు చెప్పే పీడీఎఫ్, పేరు మీద పోటీ చేశారు. హైదరాబాద్ రాష్ట్ర శాసనసభకు 175 సీట్లు. కాంగ్రెస్‌కు 93, పీడీఎఫ్‌కు 42 వచ్చాయి. బూర్గుల రామకృష్ణారావు గారు ముఖ్యమంత్రి. నల్లగొండ నుంచి పార్లమెంటుకు పోయిన రావి నారాయణరెడ్డి గారికి నెహ్రూ గారి కన్నా ఎక్కువ ఓట్లు పడ్డాయని ఇప్పటికీ చెప్పుకుంటం, అది నిజమే. ఆ ఎన్నికల్లోనే ఆలేరు నుంచి కమలాదేవి గారు గెలిచారు. అప్పటికి ఆమెకు ముప్పై రెండేండ్లు.

ఆ ఓట్లు వేసిందెవరో చూడండి. సంతకం రాని మన అవ్వలు, అమ్మమ్మలు. ఒక్కో అభ్యర్థికి ఒక్కో డబ్బా, డబ్బా మీద గుర్తు. చదువు రాకున్నా గుర్తు చూసి కాగితం వేసి వచ్చారు. ఇది చిన్న సంగతి అనుకోవద్దు. గోవాను 1961 దాకా ఏలిన పోర్చుగల్ దేశం చూడండి. యూరప్ దేశం, సముద్రాలు దాటి రాజ్యాలు ఏలిన దేశం. ఆ దేశంలో ఆడవాళ్ళకు ఓటు కావాలంటే చాలా కాలం పెద్ద చదువు చూపించాల్సి వచ్చింది. చదువు రాని మనిషికి, ఆడైనా మగైనా, ఓటు ఖాయం కావడానికి 1974లో అక్కడ నియంతృత్వం కూలేదాకా ఆగాల్సి వచ్చింది. 1979లో మరియా ద లూర్ద్స్ పింతసిల్గు అనే ఇంజనీరమ్మ అక్కడ మొదటి మహిళా ప్రధాని అయ్యారు. అదీ కొన్ని నెలలకే. ఆ దేశపు రైతు ఆడమనిషి ఓటు డబ్బా చూసే నాటికి మన ఆలేరు అవ్వలు ఒక ఆడమనిషిని మూడుసార్లు శాసనసభకు పంపి చేతులు దులుపుకున్నారు.

అట్లని ఇక్కడంతా మంచిగున్నదని కాదు. ఆ మొదటి ఎన్నికల జాబితా రాసేటప్పుడు దేశంలో దాదాపు 28 లక్షల మంది ఆడవాళ్ళ పేర్లు కొట్టేయాల్సి వచ్చింది. ఎందుకంటే వాళ్ళు పేరు చెప్పలేదు. 'ఫలానా ఆయన భార్య', 'ఫలానా వాని తల్లి' అనే చెప్పిన్రు. ఎక్కువ మంది ఉత్తరాది రాష్ట్రాల వాళ్ళు. సొంత పేరు లేని మనిషికి ఓటు ఎట్లా ఇయ్యాలె అని ఆఫీసర్లు జాబితాల నుంచి తీసేశారు. ఈ 'ఫలానా ఆయన భార్య' మాటను జర గుర్తు పెట్టుకోండి, మళ్ళా దాని దగ్గరికే వస్త.

కమలాదేవి గారు 1952, 1957, 1962 మూడుసార్లు ఆలేరు నుంచే గెలిచారు. మధ్యలో రాష్ట్రమే మారింది. 1956 నవంబర్ 1న హైదరాబాద్ రాష్ట్రం పోయి ఆంధ్రప్రదేశ్ వచ్చింది. ఆంధ్రలో ఎన్నికలు 1955లోనే అయిపోయినందున 1957లో మన తెలంగాణ సీట్లకు మాత్రమే ఓట్లు పడ్డాయి. రాష్ట్రం మారినా, పార్టీ పేరు మారినా ఆలేరు ఆమెను వదల్లేదు. శాసనసభలో కమ్యూనిస్టు పక్షం ముందువరస నాయకుల్లో ఆమె ఒకరు. దేశంలోనే తొలి మహిళా ప్రతిపక్ష నేత అని ఆమె గురించి రాస్తుంటారు.

ఇక్కడే అసలు విషయం. 1962 ఎన్నికల్లో ఆమె భర్త రామచంద్రారెడ్డి గారు భువనగిరి నుంచి గెలిచారు. భార్య ఆలేరు ఎమ్మెల్యే, భర్త భువనగిరి ఎమ్మెల్యే. ఇద్దరూ ఒకే సభలో. కానీ ఆయన వచ్చింది ఆమె తర్వాత పదేండ్లకు. ఆయన సీటులో ఆమె కూసోలేదు, ఆమె సీటులో ఆయన కూసోలేదు. ఎవరి ఊర్లు వాళ్ళవి, ఎవరి ఓట్లు వాళ్ళవి, ఎవరి మాట వాళ్ళది. ఆలేరు రైతుకు పని పడితే కమలాదేవమ్మ దగ్గరికి పోవాలె. ఇది అరవై ఏండ్ల కిందటి ముచ్చట.

మరి ఇయ్యాల? మహిళా రిజర్వేషన్ పంచాయతీల్లో 1993 నుంచి మూడోవంతు అమలైంది. మన దగ్గర ఇప్పుడు సగం. ఊర్లల్ల ఆడ సర్పంచులు ఉన్నరు, ఎంపీటీసీలు ఉన్నరు. కానీ ఊర్ల పోయి 'సర్పంచ్ ఎవరు' అని అడగండి. సగం ఊర్లల్ల భర్త పేరే చెప్తరు. గ్రామసభలో ఆమె కుర్చీ మీద కూసుంటది, మైకు ఆయన చేతిల ఉంటది. ఆఫీసుకు ఆయన పోతడు. ఫ్లెక్సీ మీద ఆమె ఫోటో పక్కన ఆయనది కూడా ఉంటది, ఒక్కోసారి పెద్దగనే. 1952లో జాబితా నుంచి కొట్టేసిన 'ఫలానా ఆయన భార్య' ఇయ్యాల సర్పంచ్ కుర్చీల మళ్ళా కూసున్నది.

కొందరు అంటరు, ఆడోళ్ళకు అనుభవం లేదు, అందుకే భర్త చూస్తడని. కమలాదేవి గారికి అనుభవం ఎక్కడ్నుంచి వచ్చింది? కుర్చీ ముందు రాలేదు, పని ముందు వచ్చింది. లెవీ గింజల కాడ, వెట్టి కాడ, ఆడోళ్ళ మీటింగుల కాడ తిరిగి తిరిగి జనం ఆమె గొంతు గుర్తుపట్టిన్రు. కుర్చీ తర్వాత వచ్చింది. ఇయ్యాల మన ఇండ్లల్ల ఆడోళ్ళకు పని లేదా? నాటు వాళ్ళదే, కలుపు వాళ్ళదే, పత్తి ఏరుడు వాళ్ళదే, పాడి వాళ్ళదే. పొదుపు సంఘాల్లో లక్షల లెక్కలు చూసేది వాళ్ళే. అనుభవం ఉన్నది. మాట్లాడే జాగ ఇస్తలేం.

ఆ తరంలో కమలాదేవి గారు ఒక్కరే కాదు. తుంగతుర్తి వైపు మల్లు స్వరాజ్యం గారు ఉన్నరు. 1931లో పుట్టి, చిన్న వయసులనే దళంలో కమాండరై, తల మీద పదివేల రూపాయల వెల పెట్టించుకున్న మనిషి. 1978లో, 1983లో తుంగతుర్తి ఎమ్మెల్యే. 2022 మార్చి 19న పోయినప్పుడు ఆమె దేహాన్ని నల్లగొండ మెడికల్ కాలేజీకి ఇచ్చేశారు. కానీ పోరాటంలో ఉన్న ఆడోళ్ళందరికీ ఇట్లా జరగలేదు. 1986లో హైదరాబాదుకు చెందిన స్త్రీశక్తి సంఘటన వాళ్ళు ఆ పాత కార్యకర్తల ఇండ్లకు పోయి వాళ్ళ మాటలు రాసుకొని 'మనకు తెలియని మన చరిత్ర' అని పుస్తకం వేశారు. అందులో చాలామంది చెప్పిన బాధ ఒక్కటే. పోరాటం నడిచినన్ని రోజులు తుపాకీ ఇచ్చారు, అయిపోగానే ఇంటికి పోయి వంట చేసుకోమన్నారు అని. శాసనసభ దాకా చేరినోళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టేటంత మంది.

ఆ పోరాటం మనకేమిచ్చింది? 1949లో జాగీర్లు రద్దయినయి. 1950లో హైదరాబాద్ కౌలుదారీ చట్టం వచ్చింది, 1954లో దానికి సవరణ జరిగింది. రక్షిత కౌలుదారుకు భూమి మీద హక్కు వచ్చింది. మనోళ్ళు 'పీటీ హక్కు', '38-ఇ సర్టిఫికెట్' అనేది ఆ చట్టం నుంచి వచ్చిందే. హైదరాబాద్ చుట్టూ భూమి కేసులల్ల ఇప్పటికీ ఆ కాగితం పేరు వినపడ్తనే ఉంటది. ఆ కాగితం ఢిల్లీ నుంచి దయతో రాలేదు. దాని వెనుక కొమరయ్య నెత్తురున్నది, ఐలమ్మ పంట ఉన్నది, కమలాదేవి వదిలి పోయిన పసిబిడ్డ ఉన్నడు.

కానీ ఆ కాగితాల మీద పేర్లు చూడండి. కొడుకు పేరు, వాని కొడుకు పేరు. ఆడమనిషి పేరు ఎక్కడో ఒక దగ్గర. భూమి కోసం ఆడోళ్ళు అడవి పట్టినా, భూమి వచ్చినంక పట్టా మగోళ్ళ పేరు మీదనే పడ్డది. ఆస్తిల ఆడబిడ్డకు కొడుకుతో సమానంగ వాటా రావడానికి ఇంకా ముప్పై ఏండ్లు పట్టింది. నాచారంలో రామకృష్ణా స్టూడియో కట్టిన ఎన్టీఆర్ గారు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు ఆ చట్టం వచ్చింది, 1985 సెప్టెంబర్ 5 నుంచి అమలు. దేశమంతటికీ 2005లో వచ్చింది. మనం ఇరవై ఏండ్లు ముందున్నం. చట్టంల ముందున్నం, పాసుబుక్కుల ముందున్నమా?

ఇది ఊకనే అడిగిన ప్రశ్న కాదు. 2018లో రైతు బీమా వచ్చింది. పట్టా ఉన్న రైతు 18 నుంచి 59 ఏండ్ల లోపల చనిపోతే ఇంటికి ఐదు లక్షలు. పట్టా మగాయన పేరు మీద ఉండి, పొలం పని మొత్తం చేసే ఆడమనిషి పాము కరిచి పోతే? పట్టా లేదు కాబట్టి ఆమె రైతు కాదు. బీమా లేదు. బ్యాంకు పంట లోను ఆమె పేరు మీద రాదు, పెట్టుబడి సాయం రాదు. ఇరవై ఏండ్లు నాట్లేసిన మనిషి కాగితంల 'ఫలానా ఆయన భార్య' గానే పోతది.

ఇంక శాసనసభ ముచ్చట. కమలాదేవి గారి తర్వాత ఆలేరు నుంచి మళ్ళా ఒక ఆడమనిషి గెలవడానికి 2014 దాకా ఆగాల్సి వచ్చింది. ఆ ఏడు, మళ్ళా 2018లో గొంగిడి సునీత గారు గెలిచారు. ఉప్పల్ నియోజకవర్గం ఏర్పడ్డాక 2009, 2014, 2018, 2023 నాలుగు ఎన్నికలయినయి. నాలుగుసార్లూ మగవాళ్ళే. తప్పు ఏ ఒక్క పార్టీదీ కాదు, అన్ని పార్టీలదీ, ఓటేసిన మనదీ. 2023లో మన రాష్ట్రం మొత్తం 119 మంది ఎమ్మెల్యేల్లో గెలిచిన ఆడవాళ్ళు 10 మంది. మూడోవంతు సీట్లు ఆడవాళ్ళకు ఇయ్యాలని 2023లో పార్లమెంటు చట్టం చేసింది. దాన్ని జనగణనకు, సీట్ల పునర్విభజనకు ముడిపెట్టిన్రు. అది ఎప్పుడో ఒకప్పుడు వస్తది. వచ్చిననాడు మనం చేసేదేంది? ఆ సీట్లల్ల కూడా 'ఎమ్మెల్యే గారి భర్త'ను తయారు చేస్తమా, లేక కమలాదేవి లెక్క సొంత గొంతు ఉన్న మనిషిని పంపుతమా? అది చట్టం చేతిల లేదు, మన చేతిల ఉన్నది.

కమలాదేవి గారు 2001 జనవరి 1న కన్ను మూశారు. రామచంద్రారెడ్డి గారు పోరాటం మీద రాసిన పుస్తకం ఉన్నది, చదివేటోళ్ళు చదవండి. ఆమె పేరు పిల్లలకు చెప్పండి. యాదగిరిగుట్టకు పోయినప్పుడు జర ముందుకు పోయి కొలనుపాక చూడండి, ఇది ఎవరి ఊరో చెప్పండి.

నేను చెప్పాలనుకున్నది పెద్ద సిద్ధాంతం కాదు. మూడు పనులు. మన ఊరి గ్రామసభలో ఆడ సర్పంచ్ ఉంటే ప్రశ్న ఆమెను అడుగుదాం, జవాబు ఆమెతోనే చెప్పిద్దాం. భర్త లేచి మాట్లాడితే 'తమ్మీ, జర ఆగు, అక్క చెప్తది' అందాం. రెండోది, భాగాలు పంచుకునే రోజు ఇంటి ఆడబిడ్డను పిలిచి కూసోబెట్టుకుందాం. పసుపుకుంకుమ కింద ఒక చీర ఇచ్చి సంతకం పెట్టించుకునుడు బంద్ చేద్దాం. మూడోది, పొలం పని చేసే ఇల్లాలి పేర ఎకరమో అరెకరమో పట్టా చేయిద్దాం. అది ఆమెకు దానం కాదు. చేసిన పనికి రాసిన లెక్క.

మీ ఊర్ల సంఘం కాలం నాటి అవ్వలు ఎవరన్నా ఉంటే, వాళ్ళ నోట విన్న ముచ్చట కింద రాయండి. పేరుతో రాయండి. 'ఫలానా ఆయన భార్య' అని మాత్రం రాయకండి.